మెదడులో పురుగు: ఏది, ఎక్కడిది?

ఫిట్స్ వచ్చి పడిపోయిన కుర్రవాణ్ణి ఊరినుంచి పెద్దాస్పత్రికి తీసుకెళ్తారు. స్కానింగ్ తీస్తారు. తిరిగొచ్చాక, పలకరించడానికి వచ్చినవాళ్లకు ఇంట్లోవాళ్లు చెప్పే మాట ఒకటే: "మెదడులో పురుగుందంట." తెలుగు జిల్లాల్లో ఈ మాట విననివాళ్లు తక్కువ. అక్కడ పురుగంటే చాలావరకు పంది బద్దెపురుగు పిల్లదశ. బద్దెపురుగు ఉన్న మనిషి మలంతో దాని గుడ్లు బయటపడతాయి. నీళ్లతోనో, సరిగ్గా కడగని ఆకుకూరతోనో, మురికి చేతులతోనో అవి మరొకరి కడుపులోకి వెళ్తాయి. పిల్ల గుడ్డులోంచి బయటికొచ్చి, రక్తంలో పడి, మెదడు చేరి, తిత్తి కట్టుకుని అక్కడే ఉండిపోతుంది. పందిమాంసం ముట్టని ఇళ్లలోనూ ఈ జబ్బు వచ్చేది అందుకే. వైద్యులు దీన్ని న్యూరోసిస్టిసర్కోసిస్ అంటారు.

ఈ అధ్యాయం ఆ జబ్బు గురించి కాదు. అదే మాట కింద దాక్కుని, అంతగా పేరు బయటికి రాని మరో జాతి గురించి. వాటిని గుండ్రటి పురుగులంటారు, శాస్త్రంలో నెమటోడ్లు. గ్రీకు భాషలో నెమా అంటే దారం. బద్దెపురుగు చపటగా, కణుపులు కణుపులుగా ఉంటుంది. నెమటోడ్ సన్నగా, నున్నగా, రెండు కొసలూ మొనదేలి ఉంటుంది. ఈ జాతి మనకు పాత పరిచయమే. పిల్లల కడుపులోని ఏలికపాము, నులిపురుగు, చేలో ఒట్టికాళ్లతో తిరిగేవాళ్ల రక్తం పీల్చే కొంకిపురుగు, బోదకాలు తెచ్చే ఫైలేరియా పురుగు, ఒకప్పుడు దిగుడుబావుల నీళ్లతో వచ్చి కాలిలోంచి బయటపడిన నారికురుపు, ఇవన్నీ నెమటోడ్లే.

వీటిలో ఏదీ మెదడులో బతకాలని వచ్చినది కాదు. మనిషి నాడీమండలాన్నే తన నివాసంగా చేసుకున్న గుండ్రటి పురుగు అంటూ లేదు. అక్కడ దొరికిన ప్రతి పురుగూ వేరే జంతువు కోసమో, వేరే అవయవం కోసమో బయల్దేరి దారి తప్పినదే. ఎలుక పురుగు, కుక్క పురుగు, కొండచిలువ పురుగు, ఒక్కోదానికీ ఒక్కో దారి. ఏ జంతువు పురుగో, ఎలా లోపలికి వచ్చిందో తేలితే తప్ప వైద్యం తేలదు. ఒక పురుగున్న రోగికి ప్రాణం పోసే మందు మరో పురుగున్న రోగి ప్రాణం తీయగలదు. ఈ జబ్బులకున్న పొడవాటి పేర్లు చదవడానికి భయం పుట్టిస్తాయి గానీ, వాటిని విప్పి చూస్తే పురుగు వచ్చిన దారి చాలావరకు అందులోనే కనిపిస్తుంది.

వీటిలో అన్నిటికంటే ఎక్కువమందిని పట్టేది ఎలుకల ఊపిరితిత్తుల పురుగు. 1935లో చైనాలోని కాంటన్ నగరంలో, అంటే ఇప్పటి గ్వాంగ్‌జౌలో, చెన్ అనే పరాన్నజీవి శాస్త్రవేత్త ఎలుకల ఊపిరితిత్తుల్లో దీన్ని చూసి, ఆ ఊరి పేరు కలిపి పల్మొనీమా కాంటొనెన్సిస్ అన్నాడు. 1946లో డౌగెర్టీ అనే శాస్త్రవేత్త దాన్ని ఆంజియోస్ట్రాంగైలస్ ప్రజాతిలోకి మార్చాడు. ఆంజియో అంటే రక్తనాళం, స్ట్రాంగైలస్ అంటే గుండ్రనిది. కాంటన్‌లో మొదట కనిపించిన, రక్తనాళంలో ఉండే గుండ్రటి పురుగు అన్నమాట. పేరులో మనిషి లేడు, మెదడు లేదు. అప్పటికి ఆ సంగతి ఎవరికీ తెలియదు.

తెలిసే అవకాశం మాత్రం తొందరగానే వచ్చింది. రెండో ప్రపంచయుద్ధం ముగింపు రోజుల్లో, జపాన్ పాలనలో ఉన్న తైవాన్‌లో, 15 ఏళ్ల అబ్బాయికి మెదడు పొరల వాపు లక్షణాలు వచ్చాయి. వెన్నులో సూది వేసి నీరు తీస్తే అందులో పురుగులు కనిపించాయి. నొమురా, లిన్ అనే ఇద్దరు వైద్యులు 1945లో ఆ సంగతిని జపనీస్‌లో ప్రచురించారు. యుద్ధపు గందరగోళంలో ఆ పత్రిక బయటి ప్రపంచానికి చేరలేదు. 1964లో పాల్ బీవర్, లియోన్ రోజెన్ అనే పరిశోధకులు దాన్ని వెలికితీసి ఇంగ్లీషులో మళ్లీ పరిచయం చేసేదాకా, ఆ ఇద్దరు వైద్యుల పని ఎవరూ చదవని కాగితాల్లోనే ఉండిపోయింది. ఆ మధ్యకాలంలో పసిఫిక్ దీవుల్లో ఎంతమంది ఇదే జబ్బుతో తలపట్టుకుని ఆస్పత్రులకు వచ్చారో తలుచుకుంటే, ఒక పరిశోధన ఏ భాషలో అచ్చయిందన్నది ఎంత పెద్ద విషయమో తెలుస్తుంది.

ఆ దీవుల వైద్యులు ఒక వింత చూస్తూ ఉండేవాళ్లు. తాహితీలో, న్యూ కాలడోనియాలో, ఇంకా ఎన్నో చోట్ల జనానికి విపరీతమైన తలనొప్పి, మెడ పట్టేయడం, వాంతులు. వెన్నునీరు తీసి చూస్తే బాక్టీరియా లేదు. తెల్లకణాలు మాత్రం బోలెడు, వాటిలోనూ ఇయోసినోఫిల్స్ ఎక్కువ. కారణం తెలియక, కనిపించినదానికే పేరు పెట్టి ఇయోసినోఫిలిక్ మెనింజైటిస్ అన్నారు. లియోన్ రోజెన్ తాహితీలో ఏళ్ల తరబడి దీని వెంట పడ్డాడు. చివరికి జవాబు హవాయిలో దొరికింది. అక్కడి మానసిక వైద్యశాలలో చనిపోయిన రోగి మెదడును పరీక్షిస్తే, లోపల ఎలుకల ఊపిరితిత్తుల పురుగు కనిపించింది. రోజెన్ బృందం 1962లో ఆ ఫలితాన్ని ప్రకటించింది. హవాయి విశ్వవిద్యాలయంలో జోసెఫ్ అలికాటా దాని వ్యాప్తి మార్గాలను వెతికాడు. తాహితీలో పచ్చి మంచినీటి రొయ్యల తలల రసాన్ని కొబ్బరితో కలిపి చేసే పచ్చడి కూడా ఒక దారి అని తేలింది.

ఈలోగా ఆస్ట్రేలియాలోని బ్రిస్బేన్‌లో మెకెరాస్, శాండర్స్ అనే పరిశోధకులు 1955 నాటికే ఈ పురుగు జీవితచక్రాన్ని పూర్తిగా గీసి పెట్టారు. పెద్ద పురుగులు ఎలుక పుపుస ధమనుల్లో ఉండి గుడ్లు పెడతాయి. గుడ్లు ఊపిరితిత్తుల్లో పగులుతాయి. పిల్లలు, అంటే డింభకాలు, గాలిగొట్టం గుండా గొంతులోకి పాకి, మింగుడుపడి, మలంతో బయటికొస్తాయి. నత్తలు, గుల్లలేని నత్తలైన స్లగ్‌లు ఆ మలాన్ని తింటాయి. నత్త ఒంట్లో రెండు వారాలకు పైగా పెరిగి డింభకం మూడో దశకు వస్తుంది. ఎలుక ఆ నత్తను తింటే డింభకం పేగు గోడ దాటి రక్తంలో పడి ముందు మెదడుకే పోతుంది. అవును, ఎలుకలోనూ దాని మజిలీ మెదడే. అక్కడ రెండు మూడు వారాలు ఉండి, రెండుసార్లు కుబుసం విడిచి, యౌవనానికి వచ్చాక సిరల గుండా గుండె దాటి ఊపిరితిత్తుల ధమనికి చేరుకుంటుంది. ఎలుకలో జరిగే భాగానికే సుమారు ఆరు వారాలు పడుతుంది.

మనిషి పచ్చి నత్తనో, సరిగ్గా ఉడకని రొయ్యనో, పీతనో, కప్పనో తిన్నా, చిన్న స్లగ్ అంటుకున్న పచ్చి ఆకును చూడకుండా నమిలినా డింభకం అదే దారి పడుతుంది. మెదడు దాకా చేరుతుంది. అక్కడినుంచి ఊపిరితిత్తులకు వెళ్లే దారి మనిషి ఒంట్లో దానికి దాదాపు ఎప్పుడూ దొరకదు. మెదడు పొరల్లోనే చచ్చిపోతుంది. జబ్బు ఉధృతమయ్యేది ముఖ్యంగా అప్పుడే. బతికున్నంత కాలం ఒంటి కావలిని ఏమార్చగలిగిన పురుగు, చచ్చి కుళ్లేటప్పుడు తన ఒంట్లోని ప్రొటీన్లన్నీ ఒక్కసారిగా బయట పెడుతుంది. వాటిమీద విరుచుకుపడే ఇయోసినోఫిల్స్ విషంలాంటి రసాయనాలను చిమ్ముతాయి. ఆ దాడిలో మెదడూ దెబ్బతింటుంది. తల బద్దలైపోతున్నంత నొప్పి వస్తుంది. ఒంటిమీద బట్ట తగిలినా మంటపెట్టినట్టు ఉంటుంది, కొందరికి ముఖంలోనో కంట్లోనో నరం చచ్చుబడుతుంది. చాలామంది కొన్ని వారాల్లో కోలుకుంటారు. కొద్దిమందికి కోమా, శాశ్వతమైన నష్టం, మరణం కూడా ఉంటాయి.

ఇప్పుడు ఈ జబ్బు పేరు చూడండి: న్యూరోఆంజియోస్ట్రాంగైలియాసిస్. మొదటి ముక్క నాడీమండలం, తరవాతది పురుగు పేరు, చివరి "ఇయాసిస్" అంటే జబ్బు. కొన్ని పుస్తకాల్లో అదే పేరు "ఆంజియోస్ట్రాంగైలోసిస్" అని కనిపిస్తుంది. రెండు జబ్బులేమోనని విద్యార్థులు తికమకపడుతుంటారు. పశువైద్య పరాన్నజీవి శాస్త్రవేత్తలు 1988లో పరాన్నజీవుల జబ్బులన్నిటికీ ఒకే రకంగా "ఓసిస్" చేర్చాలని ప్రతిపాదించారు. మనుషుల వైద్యులు చాలామంది పాత "ఇయాసిస్"ను వదల్లేదు. తేడా అంతవరకే. ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల జాబితా పదో సంచికలో ఇదే పురుగు పారాస్ట్రాంగైలస్ కాంటొనెన్సిస్ అనే ఇంకో పేరుతో ఉంది. పాత కేసులు వెతికేవాళ్లు మూడు పేర్లతోనూ వెతకాలి. లేకపోతే సగం సాహిత్యం చేజారుతుంది.

పురుగు పేరు తెలియనప్పుడు వైద్యులు దెబ్బతిన్న చోటును బట్టి పేరు పెడతారు. మెదడు పొరలకు వాపు వస్తే మెనింజైటిస్. మెదడు కండకే వస్తే ఎన్‌సెఫలైటిస్. రెండూ కలిస్తే మెనింగోఎన్‌సెఫలైటిస్. వెన్నుపాముకు వస్తే మైలైటిస్, అక్కడినుంచి బయల్దేరే నరాల మొదళ్లకు వస్తే రాడిక్యులైటిస్. మన పత్రికల్లో వీటన్నిటికీ కలిపి "మెదడువాపు" అని రాసేస్తుంటారు. మన దగ్గర ఆ మాట ఎక్కువగా దోమల ద్వారా వచ్చే జపనీస్ ఎన్‌సెఫలైటిస్‌కు స్థిరపడిపోయింది. పత్రికలు ఈ విషయంలో కాస్త జాగ్రత్త పడాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను. మెదడువాపు అనగానే చదివేవాళ్లు దోమను వెతుకుతారు, నత్తను కాదు.

ఆ ఇయోసినోఫిల్ సంగతి కొంచెం చెప్పుకోవాలి. పాల్ ఎర్లిక్ 1879లో ఈ కణాలను గుర్తించాడు. ఇయోసిన్ అనే ఎర్రని రంగును ఇష్టంగా పట్టుకుంటాయని వాటికి ఆ పేరు వచ్చింది. రంగుకు గ్రీకు ప్రభాత దేవత ఇయోస్ పేరు పెట్టారు, అది మన ఉషస్సుకు దూరపు చుట్టం. మన ఇళ్లల్లో "ఇస్నోఫీలియా" అంటే తగ్గని దగ్గు, ఆయాసం. రక్తంలో ఆ కణాలు పెరిగాయని చెప్పే మాట ఇళ్లలో జబ్బు పేరైపోయింది. కడుపులో పురుగులున్నా, ఎలర్జీ ఉన్నా రక్తంలో అవి పెరుగుతాయి కాబట్టి మన ప్రాంతంలో రక్తపరీక్ష ఒక్కటే పెద్దగా ఏమీ చెప్పదు. వెన్నునీరు వేరు. ఆరోగ్యంగా ఉన్న మనిషి వెన్నునీటిలో ఇయోసినోఫిల్స్ ఉండవు. తెల్లకణాల్లో 10 శాతమో, ఒక మైక్రోలీటరుకు 10 కణాలో దాటితే దాన్ని ఇయోసినోఫిలిక్ మెనింజైటిస్ అనాలి. చిక్కేమిటంటే, రంగు వేయకుండా లెక్కింపు గాజుపలకమీద నేరుగా చూస్తే ఇయోసినోఫిల్, మామూలు న్యూట్రోఫిల్ ఒకేలా కనిపిస్తాయి. "పాలిమార్ఫ్స్" అని రాసేసి, బాక్టీరియా మెనింజైటిస్ అనుకుని యాంటీబయాటిక్స్ మొదలుపెట్టే ప్రమాదం ఉంది. లేదా టీబీ మెనింజైటిస్ అనుకుని నెలల తరబడి మందులు వాడించే ప్రమాదం. జీమ్సా రంగు వేసి చూడమని వైద్యుడు ప్రయోగశాలకు ప్రత్యేకంగా రాసి పంపితే ఖర్చు కొద్ది రూపాయలు. తలనొప్పితో వచ్చిన రోగికి అంత చవకగా, అంత నిర్ణయాత్మకంగా చేయగల మేలు ఇంకొకటి కనిపించదు. పురుగు డింభకం వెన్నునీటిలో దొరకడం అరుదు. ఇప్పుడు దాని జన్యుపదార్థాన్ని పట్టే పీసీఆర్ పరీక్ష ఉంది గానీ అన్ని ఊళ్లలో లేదు.

అప్పుడు మిగిలేది ఒక ప్రశ్న: గడిచిన నెలలో ఏం తిన్నావు? 2008లో లెక్క తీసినప్పుడు ప్రపంచవ్యాప్తంగా నమోదైన కేసులు 2,800కు పైగా ఉన్నాయి. దాదాపు సగం థాయిలాండ్‌లోనివి. ఈశాన్య థాయిలాండ్‌లో పచ్చి నత్తల్ని సన్నగా తరిగి, నిమ్మరసం, కారం కలిపి తినే అలవాటుంది. 2006లో బీజింగ్‌లోని ఒక హోటల్లో సగం ఉడికించిన గోల్డెన్ ఆపిల్ నత్తలు తిని 160 మంది దాకా పడిపోయారు. 2000 సంవత్సరంలో జమైకాకు విహారయాత్రకు వెళ్లిన అమెరికా వైద్యవిద్యార్థుల్లో 12 మందికి ఈ జబ్బు వచ్చింది. వాళ్లలో ఎవరూ నత్త తినలేదు, అనుమానం పచ్చి కూరల సలాడ్ మీదికి పోయింది.

మన దేశంలో ఈ కథ కేరళలో కనిపిస్తుంది. అక్కడి వైద్యులు ప్రచురించిన కేసుల్లో కొందరు నాటువైద్యమని నమ్మి పచ్చి ఉడుము మాంసం తిన్నవాళ్లు. ఉడుము నత్తల్ని తింటుంది. డింభకం దాని ఒంట్లో పెరగకుండా, చావకుండా, తరవాతి దశకోసం ఎదురుచూస్తూ ఉంటుంది. ఇలాంటి మజిలీ జీవిని పారాటెనిక్ అతిథేయి అంటారు. రొయ్య, పీత, కప్ప కూడా అంతే. తెలుగునాట కూడా ఉడుము మాంసానికి, రక్తానికి లేని మహిమలు అంటగట్టేవాళ్లున్నారు. వన్యప్రాణి సంరక్షణ చట్టం ఒకటో షెడ్యూల్ కింద ఉడుమును చంపడం నేరమన్న సంగతి అలా ఉంచి, పచ్చిగా తింటే వెన్నునీటి పరీక్ష దాకా పోవలసి వస్తుందని వాళ్లకు ఎవరైనా చెప్పాలి. ఇక నత్తల్లో ఈ పురుగును బాగా మోయగల పెద్ద ఆఫ్రికా నత్త 1847లో మారిషస్ నుంచి కలకత్తాకు వచ్చింది. విలియం బెన్సన్ అనే నత్తల శాస్త్రవేత్త వెంట తెచ్చినవి అక్కడి తోటల్లోకి వెళ్లి, అక్కడినుంచి దేశమంతా పాకాయి. వానాకాలం తోటల్లో, బొప్పాయి చెట్లమీద, ఇంటి గోడలమీద కనిపించేది అదే. పిల్లలు దాన్ని చేత్తో పట్టుకుని ఆడితే సబ్బుతో చేతులు కడిగించాలి. మన దగ్గర నత్తమాంసం వండుకునే ఇళ్లవాళ్లు ఈ మాటకు భయపడనక్కర్లేదు. బాగా ఉడికించిన కూరలో డింభకం బతకదు. ఉప్పు, నిమ్మరసం, వెనిగర్ మాత్రం నమ్మదగ్గవి కావు.

రెండో గుంపు పురుగులకు వైద్యులు పెట్టిన పేరు ఇంకా విలువైనది: లార్వా మైగ్రాన్స్. లాటిన్‌లో తిరుగాడే డింభకమని అర్థం. 1952లో న్యూ ఆర్లియన్స్‌లో పాల్ బీవర్ బృందం, కాలేయం పెరిగి, రక్తంలో ఇయోసినోఫిల్స్ విపరీతంగా ఉన్న పిల్లల్ని పరీక్షించి, కారణం కుక్కల పేగుల్లో ఉండే టాక్సోకారా కానిస్ డింభకమని చూపింది. ఇది మన ఏలికపాముకు దగ్గరి బంధువే. కుక్కపిల్లలకు తల్లి కడుపులోనే అంటుతుంది. మలంతో పడిన గుడ్లు మట్టిలో కొన్ని వారాలు పక్వమై, మట్టి తినే పిల్లల నోట్లోకి పోతాయి. మనిషిలో డింభకం పెద్దపురుగు కాలేదు. దిక్కుతోచక తిరుగుతూనే ఉంటుంది. కడుపు, ఛాతీ అవయవాల్లో తిరిగితే విసెరల్ లార్వా మైగ్రాన్స్, కంట్లో చేరితే ఆక్యులర్, మెదడులో, వెన్నులో చేరితే న్యూరల్ లార్వా మైగ్రాన్స్. కంటి కథ చాలా బాధాకరమైనది. 1950లో హెలెనర్ వైల్డర్, క్యాన్సర్ అనుమానంతో వైద్యులు తీసేసిన పిల్లల కళ్లను పరీక్షిస్తూ కొన్నిటిలో క్యాన్సర్‌కు బదులు నెమటోడ్ డింభకాలను కనుక్కుంది. పేరు తప్పు పడితే ఏమవుతుందో ఆ గాజుపలకలు చూపించాయి.

అమెరికాలో ఉండే తెలుగు కుటుంబాలకు ఇదే కోవలో ఇంకో పురుగు సంగతి తెలియాలి. అక్కడి పెరళ్లలో తిరిగే రకూన్ అనే జంతువు పేగుల్లో బేలిసాస్కారిస్ ప్రోసియోనిస్ ఉంటుంది. రకూన్లు ఒకేచోట పదేపదే మలవిసర్జన చేస్తాయి, చెట్టు మొదట్లో, డెక్ మీద, పిల్లల ఇసుకతొట్టిలో. గుడ్లు మట్టిలో ఏళ్ల తరబడి బతుకుతాయి. టాక్సోకారా డింభకం మనిషిలో పెరగదు, ఇది మాత్రం పెరుగుతూ తిరుగుతుంది. అందుకే మెదడుకు చేసే నష్టం చాలా ఎక్కువ. కేసులు అరుదే, కానీ బయటపడ్డ పిల్లల్లో చాలామందికి మెదడు దెబ్బ మిగిలిపోయింది. పిల్ల ఆ మట్టి తిన్నదని తెలిసిన రోజే, లక్షణాల కోసం చూడకుండా ఆల్బెండజోల్ మొదలుపెట్టాలి. ఇసుకతొట్టికి మూత వేయడం అంతకన్నా తేలిక.

2022 జూన్‌లో ఆస్ట్రేలియా రాజధాని కాన్‌బెర్రాలో, 64 ఏళ్ల మహిళ మెదడు కుడి ముందుభాగంలోంచి న్యూరోసర్జన్ హరిప్రియ బండి 8 సెంటీమీటర్ల పొడవున్న ఎర్రని పురుగును బయటికి తీశారు. అది ఇంకా కదులుతోంది. ప్రయోగశాలలో చూస్తే అది ఓఫిడాస్కారిస్ రాబర్ట్సీ, అక్కడి కార్పెట్ కొండచిలువల్లో ఉండే పురుగు, మూడో దశ డింభకం. అంతకుముందు ఏ మనిషిలోనూ ఎవరూ దాన్ని చూడలేదు. 2021 జనవరిలో ఆమెకు కడుపునొప్పి, విరేచనాలు, పొడిదగ్గు, రాత్రి చెమటలతో మొదలైంది. రక్తంలో ఇయోసినోఫిల్స్ చాలా ఎక్కువ. పురుగు దొరకకపోవడంతో, ఆ కణాల్ని అణచడానికి స్టెరాయిడ్లు, రోగనిరోధక శక్తిని తగ్గించే మందులు వాడారు. ఏడాది దాటాక మతిమరుపు, పెరుగుతున్న దిగులు. ఎంఆర్‌ఐలో మెదడులో మచ్చ కనిపించింది. ఆమె ఇంటిదగ్గరి చెరువుగట్టున దొరికే వారిగల్ ఆకుకూర కోసుకుని వండుకునేది. ఆ చెరువుచుట్టూ కొండచిలువలున్నాయి. వాటి మలంతో పడిన గుడ్లు ఆకుమీదినుంచి చేతులకో వంటగదికో చేరి ఉంటాయని వైద్యుల అంచనా. రోగనిరోధక శక్తిని అణచిన మందులు డింభకం మెదడు దాకా పాకడానికి తోడ్పడి ఉండవచ్చని కూడా వాళ్లే రాశారు. ఈ కేసులో నాకు ముఖ్యమనిపించేది పురుగు పొడవు కాదు, ఆ ఒక్క వాక్యం. వార్తాపత్రికలన్నీ కదిలే పురుగు గురించి రాశాయి. వైద్యవిద్యార్థి గుర్తుంచుకోవలసింది, కారణం తేలని ఇయోసినోఫిల్స్‌ను స్టెరాయిడ్‌తో అణచేముందు పురుగుకోసం ఇంకోసారి వెతకాలని.

స్టెరాయిడ్‌ను చెడ్డమందనుకోకూడదు. ఎలుకపురుగు మెనింజైటిస్‌కు మేలు చేసేది అదే. ఈశాన్య థాయిలాండ్‌లోని ఖోన్ కేన్ వైద్యులు 2000లో ప్రచురించిన పరిశీలనలో, రోజుకు 60 మిల్లీగ్రాముల ప్రెడ్నిసొలోన్ రెండు వారాలు ఇస్తే తలనొప్పి సాధారణంగా 5 రోజుల్లో పోయింది. ఇవ్వనివాళ్లకు 13 రోజులు పట్టింది. వెన్నులో నీరు తీయడం కూడా, పరీక్ష కోసమే అయినా, లోపలి ఒత్తిడి తగ్గించి రోగికి ఊరటనిస్తుంది. పురుగును చంపే ఆల్బెండజోల్ ఇవ్వాలా వద్దా అన్నదానిమీద వైద్యుల్లో అభిప్రాయభేదాలున్నాయి. అన్నీ ఒకేసారి చస్తే వాపు పెరుగుతుందని భయం. ఇచ్చేవాళ్లు స్టెరాయిడ్ కాపుదలతో ఇస్తారు.

అదే స్టెరాయిడ్ స్ట్రాంగైలాయిడిస్ అనే పేగుపురుగు ఉన్న మనిషికి ఇస్తే పరిస్థితి పూర్తిగా తిరగబడుతుంది. 1876లో ఫ్రాన్స్ సైనిక వైద్యుడు లూయీ నోర్మాండ్, అప్పట్లో కొచ్చిన్ చైనా అనబడిన దక్షిణ వియత్నాం నుంచి విరేచనాలతో తిరిగొచ్చిన సైనికుల్లో దీన్ని కనుక్కున్నాడు. తడిమట్టిలో ఒట్టికాళ్లతో నడిచేవాళ్ల చర్మం గుండా దూరుతుంది. చాలా పేగుపురుగులకు లేని శక్తి దీనికుంది. మనిషి ఒంట్లోనే తన సంతానంతో మళ్లీ మళ్లీ అంటుకుంటూ దశాబ్దాల పాటు బతుకుతుంది. రెండో ప్రపంచయుద్ధంలో బర్మా రైలుమార్గం మీద జపాన్ వాళ్లు పనిచేయించిన యుద్ధఖైదీల్లో, ముప్పై నలభై ఏళ్ల తరవాత కూడా ఈ పురుగు కనిపించింది. ఇన్నేళ్లూ పెద్దగా బాధ పెట్టని పురుగు, ఆ మనిషికి ఉబ్బసానికో కీళ్లకో స్టెరాయిడ్లు మొదలుపెట్టగానే అదుపు తప్పి లక్షలుగా పెరిగి, పేగు గోడ చీల్చుకుని ఒళ్లంతా పాకుతుంది. పోతూ పోతూ పేగుల్లోని బాక్టీరియాను వెంట మోసుకుపోతుంది. అలా వచ్చిన మెనింజైటిస్‌లో వెన్నునీట్లో తరచుగా దొరికేది ఈ.కోలై లాంటి పేగు బాక్టీరియా. అప్పటికి రక్తంలో ఇయోసినోఫిల్స్ కూడా పడిపోయి ఉండవచ్చు, కాబట్టి పురుగును గుర్తుచేసే ఆ ఒక్క ఆనవాలూ ఉండదు. పెద్దవాళ్లకు పేగు బాక్టీరియాతో మెనింజైటిస్ వస్తే స్ట్రాంగైలాయిడిస్‌ను వెతకాలని పాఠ్యపుస్తకాలు చెప్పేది అందుకే. కొవిడ్ రోజుల్లో డెక్సామెథసోన్ విరివిగా వాడినప్పుడు, ఈ పురుగున్న ప్రాంతాల మనుషులకు ముందుగా దాన్ని చంపే ఐవర్‌మెక్టిన్ ఇవ్వడం మేలని కొందరు నిపుణులు సూచించారు.

ఐవర్‌మెక్టిన్ మంచి మందు. దాన్ని కనుక్కున్నందుకు విలియం క్యాంప్‌బెల్, సతోషి ఒమురాలకు 2015లో నోబెల్ వచ్చింది. కానీ మధ్య ఆఫ్రికా అడవుల్లో లోవా లోవా అనే కంటిపురుగుంది. కుట్టే ఈగల ద్వారా వస్తుంది. దాని సూక్ష్మ డింభకాలు కొందరి రక్తంలో ఒక మిల్లీలీటరుకు 30 వేలు దాటి ఉంటాయి. అలాంటివాళ్లకు ఐవర్‌మెక్టిన్ ఇస్తే డింభకాలు ఒక్కసారిగా దెబ్బతిని మెదడు చిన్న రక్తనాళాల్లో ఇరుక్కుని రోగి కోమాలోకి పోవచ్చు. నదుల దగ్గర ఉండేవాళ్ల కంటిచూపు పోగొట్టే మరో నెమటోడ్, ఓంకోసెర్కా మీద ఊళ్లకు ఊళ్లు ఈ మందు పంచే కార్యక్రమం అందుకే కొన్నిచోట్ల ఆగిపోయింది. కామెరూన్‌లో పరిశోధకులు మొబైల్ ఫోన్‌కు చిన్న సూక్ష్మదర్శిని బిగించి, వేలినుంచి తీసిన రక్తపుచుక్కలో డింభకాల కదలికను లెక్కించారు. సుమారు 16 వేల మందిని పరీక్షించి, లెక్క 20 వేలు దాటిన 2 శాతం మందిని పక్కనపెట్టి, మిగతావాళ్లలో దాదాపు అందరికీ మందిచ్చారు. ఎవరికీ ప్రాణాపాయం రాలేదు. ఆ ఫలితాన్ని 2017లో ప్రచురించారు.

కామెరూన్‌లోనో, గాబన్‌లోనో కొన్నేళ్లు ఉద్యోగం చేసి వచ్చిన మనిషికి స్ట్రాంగైలాయిడిస్ అనుమానంతో ఐవర్‌మెక్టిన్ రాయబోయే మన వైద్యుడు ముందు ఆ రక్తపరీక్ష చేయించాలి. చేయించే వేళ కూడా ముఖ్యం. బోదకాలు సర్వేకు మన ఊళ్లలో అర్ధరాత్రి ఇల్లిల్లూ తిరిగి రక్తం తీసేవాళ్లు, ఆ డింభకాలు రక్తంలోకి రాత్రే వస్తాయి కాబట్టి. లోవా డింభకాలు పగలు వస్తాయి. ఉదయం 10 నుంచి మధ్యాహ్నం 2 మధ్యలో తీసిన రక్తమే నమ్మదగ్గది.